డిటో కొట్టిన నీళ్ళు

డ్రెయినులో ఎంత నీరుందో ఇప్పుడు మీరు సెల్లు మీద వేలు పెట్టి చూసుకుంటున్నారు. మంచిదే. ఒకప్పుడు ఆ ఒక్క అంకె కోసం ఒక మనిషి చెప్పులు గట్టు మీద విడిచి, పాచి పట్టిన మెట్లు దిగి, నీళ్ళలో పాతిన గేజీ పలక మీద గీత చూసి, పైకొచ్చి రిజిస్టరులో రాసేవాడు. ఆ మనిషిని లస్కరు అంటారు. మా ఆయన లస్కరు. పామర్రు అవతల ఒక మురుగు డ్రెయిను లాకుల దగ్గర మాకు రెండు గదుల క్వార్టరు ఉండేది. చివరి రెండేళ్ళూ ఆయనకి చూపు మందగించింది. గట్టు దిగి గీత చూసేది నేను, రాసేది ఆయన. ఆయన పోయాక ఆ ఉద్యోగం లెక్కన నాకు బెజవాడ ఆఫీసులో అటెండరు పని ఇచ్చారు. ఏడో తరగతి తప్పినదాన్ని. అంతకంటే ఏమిస్తారు?

నాకు చదువు అబ్బలేదు గానీ అంకెలు మాత్రం మరుపు రావు. ఏ ఏడు ఏ వానకి ఏ లాకు దగ్గర ఎంత నీరు నిలిచిందో నన్ను నిద్రలేపి అడిగినా చెప్తాను. దీనివల్ల ఆఫీసులో నాకు కొంత మర్యాద, కొంత వెటకారం రెండూ దక్కాయి.

ముందుగా మా రిజిస్టర్లలో ఒక అలవాటు చెప్పాలి. పొద్దుటి అంకే సాయంత్రమూ ఉంటే మళ్ళీ అంకె రాయరు. దాని కింద రెండు చిన్న గీతలు పెడతారు. దాన్ని డిటో కొట్టడం అనేవాళ్ళం. నిజం చెప్పొద్దూ, ఒంట్లో బాగాలేక గట్టు దిగబుద్ధి కాని రోజున కూడా డిటోయే. మా ఆయన కొట్టాడు, ఆయన బదులు నేనూ కొట్టాను. అయితే వానలు పడే రోజుల్లో డ్రెయిను దగ్గర మాత్రం ఎవరూ డిటో కొట్టేవాళ్ళు కాదు. అది ఏ కాగితంలోనూ లేదు. ఎవరూ ఎవరికీ చెప్పుకోనూ లేదు. మబ్బు చూస్తే కాళ్ళే గట్టు వైపు నడిచేవి.

ఈ చివరి ముక్క నేను ఒకరికి చెప్పవలసి ఉండి చెప్పలేదు. ఈ కథంతా ఆ ముక్క గురించే.

నేను ఆఫీసులో కుదురుకున్న కొన్నేళ్ళకి గేజీల దగ్గర మిషన్లు పెట్టారు. నీటి మీదకి చూస్తూ ఒక డబ్బా, దాని నెత్తిన సోలారు పలక. నిమిషానికి ఒకసారి అది తన అంకెని శాటిలైటు ద్వారా బెజవాడకి పంపుతుంది. మా ఆఫీసు పక్క గదిలో ఒక పెద్ద కంప్యూటరు ఆ అంకెల్ని దాచుకుంటుంది. హాల్లో గోడకి పెద్ద తెర. దాని మీద డెల్టా అంతా పటంలా పరిచి, ఒక్కొక్క గేజీ దగ్గర ఒక్కొక్క అంకె. అవే అంకెలు ఊళ్ళవాళ్ళ సెల్లుల్లోకీ వెళ్ళేవి. లస్కర్లని తలో పనికి సర్దేశారు. మా లాకుల దగ్గర క్వార్టరుకి తాళం పడింది.

ఆ కంప్యూటరు పని చూడటానికి ఒక ప్రైవేటు కంపెనీ తరఫున మైలవరం నుంచి రోజూ బస్సులో ఒక అమ్మాయి వచ్చేది. ముప్ఫై ఏళ్ళుంటాయి. నన్ను ఆంటీ అనేది. టిఫిను డబ్బాలో ఎప్పుడూ రెండు వంతులు తెచ్చేది, రెండో వంతు నాదని ఎప్పుడూ పైకి అనలేదు. తెర ముందు కూర్చునే ఆపరేటరు గారు ఇంకొకరు. రిటైర్మెంటుకి నాలుగేళ్ళున్న మనిషి, ప్రతిదానికీ నవ్వు పుట్టించే మాట ఒకటి దగ్గర పెట్టుకునేవారు. మా అందరి మీదా ఒక సారు.

"ఈ కంప్యూటరు లోపల నడిచేది లైనక్సు ఆంటీ. డబ్బు పెట్టి కొనక్కర్లేదు. లోపల ఏం రాసుందో ప్రపంచంలో ఎవరైనా విప్పి చూసుకోవచ్చు" అని ఆ అమ్మాయి నాకొకసారి గర్వంగా చెప్పింది.

"ఎవరైనా చూడచ్చు సరే. ఎవరో ఒకరు చూస్తున్నారా?" అన్నాను.

"మీరు భలే అడుగుతారు ఆంటీ" అని నవ్వేసింది. నేనూ నవ్వాను. టీ చల్లారిపోతోందని గ్లాసు చేతికిచ్చాను.

మొదటి ఏడు తెర మీద అంకెలు టకటకా వచ్చేవి. రెండో ఏడుకి కాస్త నెమ్మదించాయి. మూడో ఏడు మధ్యకి వచ్చేసరికి గేజీ మీద నొక్కితే తెర మధ్యలో ఒక సున్నా చుట్టలా తిరగడం మొదలుపెట్టేది. నేను అందరికీ టీ పోసి, గ్లాసులు కడిగి, తుడిచి పెట్టి వచ్చినా తిరుగుతూనే ఉండేది.

"ఇదేంటమ్మాయ్, గానుగెద్దుని కట్టావా లోపల?" అనేవారు ఆపరేటరు గారు.

ఆ అమ్మాయి రెండు రోజులు కూర్చుని సంగతి పట్టుకుంది. మిషను పంపే ఒక్కొక్క అంకెకీ కంప్యూటరు ఒక్కొక్క ఫైలు తెరుస్తోంది. నిమిషానికి ఒకటి, నలభై గేజీలకి నలభై. ఒక్కో గేజీకి ఒక్కో గది అనుకుంటే, ఆ గదిలో లక్షల కాగితాలు, కాగితానికి ఒక్క అంకె. అందులో చిట్టచివరి కాగితం ఏదో వెతికేసరికి దానికి ప్రాణం పోతోందట.

"ఒక్క అంకెకి ఒక ఫైలేంటమ్మా, రోజంతటికీ ఒకటి చాలదూ?" అన్నాను.

"మొదట రాసినవాళ్ళు అలా రాసి వెళ్ళిపోయారాంటీ. అదంతా మార్చాలంటే మా కంపెనీ వాళ్ళు ఆర్నెల్లు పడుతుందంటున్నారు. సారు ఈ వారంలో బాగవ్వాలంటున్నారు." కాసేపు గోళ్ళు కొరికి మళ్ళీ అంది. "ఒక ఉపాయం ఉంది. తెర ప్రతిసారీ గదంతా వెతక్కుండా, ఆఖరి అంకెని గుర్తుపెట్టుకునేలా చేస్తా. కొత్తది పడితే మారుస్తుంది. పడకపోతే ఏం చూపించాలన్నదే తెలీడం లేదు. ఖాళీ చూపిస్తే సారు గాభరా పడతారు. మీ రిజిస్టర్లలో ఏం చేసేవాళ్ళాంటీ?"

"డిటో కొట్టేవాళ్ళం" అన్నాను. హాయిగా నవ్వుతూ అన్నాను.

ఆ అమ్మాయి అలాగే చేసింది. మర్నాటి నుంచి తెర లేడిపిల్లలా పరిగెత్తింది. సారు మెచ్చుకున్నారు. ఆపరేటరు గారు మిఠాయి పొట్లం తెప్పించారు. నా అనుభవం కంప్యూటరుకి కూడా పనికొచ్చిందని నేను ఇంటికెళ్ళి నలుగురికి చెప్పుకున్నాను.

ఇది జరిగిన నాలుగు నెలలకి, చవితి పందిళ్ళు విప్పేసిన రెండు వారాలకి, ఆ రోజు వచ్చింది.

అంతకుముందు రెండు రోజులుగా వాన. ఆ తెల్లవారుజామున కంకిపాడు చుట్టుపక్కల కుండపోతగా కురిసిందని పాలవాడు చెప్పాడు. నేను ఆఫీసుకి వచ్చేసరికి బెజవాడలో మాత్రం ఎండ కాస్తోంది. అదే నాకు నచ్చలేదు. డెల్టాలో వాన కురిసిన చోట ముంచదు. పైన పొలాల్లో తెల్లారి పడ్డ నీరు బోదెల్లోంచి డ్రెయిన్లలోకి దిగి, మధ్యాహ్నానికి పామర్రు కిందికి చేరుతుంది. ఆ పైన అది అమావాస్య. సముద్రం పోటు మీద ఉంటే కింద నీళ్ళు లాగవు. పై నుంచి వచ్చేది వస్తూనే ఉంటుంది, కింద తలుపు మూసినట్టు ఉంటుంది.

మా పాత లాకుల దగ్గర డ్రెయిను కట్ట కింద ఒక కాలనీ ఉంది. నలభై నేత ఇళ్ళు. మా పుట్టింటివాళ్ళు అక్కడే. అన్నయ్యకి పక్షవాతం వచ్చి ఒక కాలు ఈడుస్తాడు, మగ్గం మా వదినే నేస్తుంది. ఆ కాలనీకి బయటికి దారి ఒక్కటే, ఒక పొట్టి కల్వర్టు మీదుగా. డ్రెయిను పదకొండు అడుగులకి వస్తే ఆ కల్వర్టు మునుగుతుంది. మునిగాక ఎవరూ దాటలేరు, అక్కడ వడి అలాంటిది. పదమూడు దాటితే నీరు కట్ట మీదెక్కుతుంది. అంటే, కట్ట సంగతి తెలిసేనాటికి దారి ఉండదు. బయటపడాలంటే పదకొండు లోపే పడాలి. ఇది నాకు అన్నం తిన్నంత బాగా తెలుసు.

తొమ్మిదింటికి తెర చూశాను. మా లాకుల దగ్గర తొమ్మిది పాయింటు నాలుగు. పర్వాలేదనుకున్నాను.

టీలు పోసి పదింటికి చూశాను. తొమ్మిది పాయింటు నాలుగు.

సారుకి ఫైళ్ళు అందించి పదకొండుకి చూశాను. తొమ్మిది పాయింటు నాలుగు.

చేతిలో పళ్ళెం అక్కడే పెట్టేసి నిలబడిపోయాను. పటమంతా చూశాను. నలభై గేజీల్లో ఒక్కదానిలోనైనా ఒక్క గీత కదల్లేదు.

"ఏంటమ్మా, సినిమా చూస్తున్నట్టు నిలబడ్డారు?" అన్నారు ఆపరేటరు గారు.

"అండీ, మా డ్రెయిను రెండు గంటల్నుంచి కదల్లేదండీ."

"నిలకడగా ఉందమ్మా. మంచిదేగా! కదలకపోతే కదల్లేదంటారు, కదిలితే కదిలిందంటారు. మీతో వేగడం కష్టం."

"నీళ్ళు అట్టా ఉండవండీ. నిలిచిన చెరువు కూడా గాలికి ఒక గీత అటూ ఇటూ అవుతుంది."

"మీకు ఆ గట్టు మీద బెంగ. కూర్చోండి, మంచినీళ్ళు తాగండి."

తాగాను. కొత్త అంకె రాకపోతే ఆ తెర ఏం చేస్తుందో ఈ హాల్లో నాకూ మైలవరం అమ్మాయికీ తప్ప ఎవరికీ తెలియదు. ఆ అమ్మాయి ఆ రోజు బస్సు ఎక్కడో నీళ్ళలో ఆగిపోయి ఇంకా రాలేదు. మా ఆయన తర్వాత ఆ లాకుల దగ్గర పని చేసిన లస్కరుకి ఫోను చేశాను. అతన్ని వేరే కాలవ మీదకి పంపేశారు, రోడ్డు మీద నీళ్ళున్నాయి, అక్కడికి చేరడానికి గంటన్నర పడుతుందన్నాడు. మిషన్లు పెట్టాక గేజీ చూసే కళ్ళు అక్కడ ఎవరికీ లేవు.

అప్పుడు తట్టింది, మగ్గం గుంట.

మీలో చాలామంది చూసి ఉండరు. మా వాళ్ళవి గుంట మగ్గాలు. నేలలో మోకాటి లోతు గుంట తీసి, నేత మనిషి గట్టున కూర్చుని కాళ్ళు గుంటలోకి జార్చి, అడుగున ఉన్న తొక్కుడు చెక్కల్ని తొక్కుతుంటే పైన పడుగు పోగులు లేచి దిగుతాయి. డ్రెయిను కట్ట కింద నేల. డ్రెయిను ఎంత పెరిగితే గుంటలో ఊట అంత పెరుగుతుంది. మా ఆయన ఆఖరి ఏడు వానల్లో ఒక పొద్దున మా వదిన చెక్కలు తేలిపోయాయని తిట్టుకుంటూ మా క్వార్టరుకి వచ్చింది. ఆ పూట గేజీ చూసింది నేనే. పదిన్నర అడుగులు.

ఆఫీసు వరండాలోకి వెళ్ళి వదినకి ఫోను చేశాను.

"ఏం వదినా, ఆఫీసు టైములో ఫోనా! జీతం కోసేస్తారేమో చూసుకో."

"మగ్గం మీదున్నావా?"

"లేదు, విమానం మీదున్నా. అన్నం వారుస్తున్నానే, ఏంటో చెప్పు."

"గుంటలో నీళ్ళు చూసి చెప్పు."

"వానాకాలం గుంటలో నీళ్ళు కాక పాయసం ఉంటుందా? పొద్దున దిగినప్పుడు మడమ తడిసేంత ఉన్నాయి. నాలుగు చెంబులు తోడి పోశా."

"ఇప్పుడు చూడవే, నీకు దణ్ణం పెడతా."

సణుక్కుంటూ వెళ్ళింది. కాళ్ళ చప్పుడు వినిపించింది. ఆ కాసేపు నేను వరండా స్తంభాన్ని పట్టుకునే ఉన్నాను.

"వదినా" అంది, ఈసారి మామూలు గొంతుతో కాదు. "చెక్కలు తేలుతున్నాయే."

అంటే పదిన్నర. దారికి ఇంకా అర అడుగు ఉంది. పోటు ఎక్కే వేళ.

నేను ఆ నిమిషంలో చేసిన పని ఏ అటెండరూ చెయ్యకూడదు. "కాలనీ ఖాళీ చెయ్యమని ఆర్డరు వచ్చింది. ఆఫీసు నుంచే చెప్తున్నా. అందరికీ చెప్పు, ముందు అన్నయ్యని కల్వర్టు దాటించు" అన్నాను.

"ఎవరి ఆర్డరు? ఇక్కడ సెల్లులో తొమ్మిది నాలుగే చూపిస్తోందని పక్కింటోళ్ళు అంటున్నారు."

"సెల్లు సంగతి నాకొదిలెయ్. నువ్వు లే."

"మగ్గం మీద సగం చీరుందే. పడుగు కోసుకుని..."

"కొయ్యద్దు! దేనికీ ఆగద్దు. బయల్దేరండి!"

ఫోను పెట్టేశాను. ఆఫీసు పేరు చెప్పి నలభై ఇళ్ళని రోడ్డు మీదకి తోలాను. నిజంగా పదిన్నరేనా? గుంట అప్పటి గుంటేనా, మధ్యలో పూడ్చి మళ్ళీ తవ్వారా? అలివిగాని వాన పడి గుమ్మంలోంచి నీళ్ళు లోపలికి వచ్చాయేమో? అవన్నీ ఫోను పెట్టేశాకే గుర్తొచ్చాయి.

తిన్నగా సారు గదిలోకి వెళ్ళి ఉన్నది ఉన్నట్టు చెప్పాను.

ఆయన అరిచే మనిషి కాదు. అందుకే ఇంకా భయం. "ఎవర్ని అడిగి చెప్పారమ్మా?"

"ఎవర్నీ అడగలేదండి."

"తెర మీద తొమ్మిది పాయింటు నాలుగుంది. నలభై ఇళ్ళ వాళ్ళు పిల్లాపాపల్తో రోడ్డు మీదకొచ్చి, ఏమీ జరక్కపోతే రేపు నేను పైవాళ్ళకి ఏం చెప్పాలి? మగ్గం గుంటలో చెక్కలు తేలాయని చెప్పనా?"

"ఆ అంకె తప్పండీ. అది డిటో."

"అంటే?"

అప్పుడు ఆయనకి ఆ నాలుగు నెలల కిందటి మాట చెప్పాను. ఆ అమ్మాయి నన్ను అడగడం, నేను నవ్వుతూ చెప్పడం. వింటూ ఆయన కళ్ళజోడు తీసేశారు. "మీరు చెప్పింది నిజమైతే నేను ఇప్పుడే అందరికీ ఫోన్లు చెయ్యాలి. అబద్ధమైతే చెయ్యకూడదు. నాకు నంబరు కావాలమ్మా. ఒక్క నంబరు" అన్నారు.

అదే సమయానికి మైలవరం అమ్మాయి చీలమండల దాకా బురదతో పరుగెత్తుకుంటూ వచ్చింది. సారు తనే లేచి పక్క గదికి నడిచారు. వెనకాల నేను, నా వెనకాల ఆపరేటరు గారు. ఈసారి ఆయన దగ్గర నవ్వించే మాటేమీ లేదు.

ఆ అమ్మాయి కూర్చుని టకటకా కొట్టింది. "మిషన్లు అంకెలు పంపుతున్నాయి సార్. ఇక్కడే తీసుకోవట్లేదు. రాసుకోవడానికి డిస్కులో చోటు లేదంటోంది." ఇంకేదో కొట్టింది. "కానీ చోటుంది సార్! ముప్పాతిక డిస్కు ఖాళీగా ఉంది. ఇదేంటి..." నుదుటి మీద చెయ్యి పెట్టుకుని ఒక నిమిషం అలాగే చూసింది. తర్వాత అదే మాట ఇంకో అక్షరం చేర్చి మళ్ళీ కొట్టింది. తెర మీద నూటికి నూరు అని కనబడింది. ఆ అమ్మాయి మొహంలో రక్తం లేదు.

"అయినోళ్ళు అయిపోయారు సార్" అంది.

నాకు అలాగే వినపడింది. అయినోళ్ళంటే నాకు ఆ కట్ట కింద ఉన్నవాళ్ళే. ఇంత దూరంలో ఉన్న కంప్యూటరుకి ఆ కబురు ఎలా తెలిసిందని కూడా ఆలోచించలేదు. గోడకి జారగిలబడి "మా అన్నయ్యా?" అన్నాను.

ఆ అమ్మాయి గభాలున లేచి నా భుజాలు పట్టుకుంది. "కాదాంటీ, కాదు! ఐనోడ్లు. ఐనోడ్ అంటే... ఫైలు ఎక్కడుందో, ఎంతుందో రాసి పెట్టుకునే చీటీ. ఒక్కో ఫైలుకి ఒక్కో చీటీ ఉండాలి. డిస్కు మొదట తయారుచేసిన రోజునే ఇన్ని చీటీలని లెక్క పెట్టేస్తారు. చీటీలు అయిపోతే చోటున్నా కొత్త ఫైలు పుట్టదు."

నాకు ప్రాణం తిరిగొచ్చి, వెంటనే అర్థమూ అయింది. పెళ్ళిలో అన్నం గుండిగలు నిండుగా ఉన్నాయి, విస్తళ్ళు అయిపోయాయి. అవునూ, ఒక్కో విస్తట్లో ఒక్కో మెతుకు వడ్డించుకుంటూ పోతే విస్తళ్ళు మిగులుతాయా? నా పాత అనుమానం నన్ను చూసి పళ్ళికిలించింది.

"అయితే కొన్ని విస్తళ్ళు తీసెయ్యి" అన్నాను.

"పాత ఫైళ్ళు కొన్ని చెరిపితే ఆ చీటీలు ఖాళీ అవుతాయి సార్. వెంటనే కొత్తవి పడతాయి. కానీ చెరిపితే మళ్ళీ రావు. ఇంకోచోటికి ఎత్తి పెట్టుకుని చెరుపుదామంటే ఇన్ని చిన్న ఫైళ్ళు ఎత్తడానికి సాయంత్రం అయిపోతుంది."

సారు గోడ వైపు చూశారు. గేజీ రికార్డు చెరపడం అంటే మా దగ్గర చిన్న మాట కాదు. చెదలు తిన్న రిజిస్టర్లని కూడా గుడ్డలో కట్టి దాచే ఆఫీసు మాది. "ఏవి చెరిపినా రేపు అవే కావాలంటారు" అన్నారు నెమ్మదిగా.

"వేసవివి తీసెయ్యండి సారూ" అన్నాను. "కాలవలు కట్టేసిన రెండు నెలలూ కాలవ గేజీలన్నీ సున్నాలే. మొదటి ఏడు కట్టేసింది ఉగాది వెళ్ళిన మూడో వారం, మళ్ళీ వదిలింది మృగశిర కార్తె దాటాక. ఆ సున్నాలు ఎవరికీ అక్కర్లేదు. డ్రెయిన్లవి మాత్రం ముట్టుకోవద్దు."

సారు నా వైపు ఒకసారి చూశారు. "తియ్యమ్మాయ్" అన్నారు.

ఆ అమ్మాయి తీసింది. తెర కాసేపు ఏమీ అనలేదు. లక్షల ఫైళ్ళున్న గది తలుపు తెరవడానికే దానికి ఆయాసం. నేను వదినకి ఫోను చేశాను. అందుబాటులో లేదంది. మళ్ళీ చేశాను. లేదంది. కల్వర్టు మీద ఉన్నారా, కల్వర్టు ఇవతల ఉన్నారా, నా ఆర్డరు విని నవ్వుకుని అన్నం వడ్డించుకున్నారా? పన్నెండున్నర అయింది. హాల్లోంచి ఆపరేటరు గారి కేక వినిపించింది.

"మారింది! మారిందండీ!"

పరుగెత్తాం. తొమ్మిది పాయింటు నాలుగు ఉన్న చోట పదకొండు పాయింటు రెండు ఉంది. మధ్యలో పది లేదు, పదిన్నర లేదు. మూడున్నర గంటల నీరు ఒక్కసారిగా వచ్చి గోడ మీద కూర్చుంది. ఆపరేటరు గారు కుర్చీలోంచి లేచి నిలబడ్డారు. సారు అప్పటికే ఫోనులో తాసిల్దారు ఆఫీసుతో మాట్లాడుతున్నారు.

పదకొండు రెండు అంటే కల్వర్టు మునిగింది. దాటినవాళ్ళు దాటినట్టు. దాటనివాళ్ళకి ఇక పడవే.

తర్వాత రెండు గంటలు ఎలా గడిచాయో నేను రాయలేను. వదిన ఫోను పలకలేదు. ఆ ఊళ్ళో కరెంటు పోయింది, సెల్లు టవరు పోయింది. తెర మీద నీరు పదకొండున్నర అడుగులైంది, పన్నెండైంది. ఇప్పుడు అంకె నిమిషానికోసారి నిజం చెబుతోంది, ఆ నిజం చూడలేక నేను గోడ వైపు తిరిగి కూర్చున్నాను. మైలవరం అమ్మాయి నా పక్కనే కింద కూర్చుంది. టిఫిను డబ్బా తెరిచి మూత పెట్టేసింది. "నేను మీ మాట కాదాంటీ, నా బుద్ధి వాడాల్సింది" అని ఏడ్చింది. "నీకు నేను సగమే చెప్పానమ్మా" అన్నాను.

రెండున్నరకి తెలియని నెంబరు నుంచి ఫోను.

"వదినా, స్కూల్లో ఉన్నాం. అందరం." చుట్టూ పిల్లల గోల. "మీ అన్నయ్యని తోపుడు బండి మీద కూర్చోబెట్టి తోశాం. కల్వర్టు మీద మోకాళ్ళ దాకా వచ్చాయే. ఆఖరి ఇంటివాళ్ళని తాడు పట్టుకుని లాగాం."

నేనేమన్నానో గుర్తులేదు. అంకెలన్నీ గుర్తుండే నాకు ఆ మాట గుర్తులేదు.

కట్ట తెగలేదు. నీరు పన్నెండు పాయింటు ఎనిమిది దాకా వచ్చి, పోటు తిరిగాక సాయంత్రానికి దిగడం మొదలైంది. కానీ కాలనీలో ఊటకే నడుముల్లోతు నిలిచింది.

వారం తర్వాత మీటింగు పెట్టారు. కంపెనీ నుంచి వచ్చిన పెద్దమనిషి తప్పంతా ఆ అమ్మాయి మీదకి నెట్టబోయాడు. టీ పళ్ళెంతో నిలబడ్డ నేను, ఆ డిటో మాట నాదని చెప్పాను. గదిలో ఒకరిద్దరు నవ్వారు. ఆ అమ్మాయి మాత్రం తల ఎత్తి, "ఆంటీ చెప్పింది రిజిస్టరు సంగతి. ఆ రెండు గీతలు చూస్తే చదివేవాళ్ళకి ఇది డిటో అని తెలుస్తుంది. నేను గీతలు పెట్టలేదు, అంకెనే మళ్ళీ రాశాను. తేడా అదీ" అంది. అప్పుడు ఎవరూ నవ్వలేదు. అప్పటి నుంచి ఐదు నిమిషాలు కొత్త అంకె రాకపోతే తెర మీద పాతది ఎర్రబడి, ఎప్పటిదో కింద టైము కనబడుతుంది. ఫైళ్ళు కూడా రోజుకి ఒకటి చొప్పునే. ఆర్నెల్లు పడుతుందన్నది పది రోజుల్లో అయింది. సారు రిపోర్టులో "సిబ్బంది అప్రమత్తత వల్ల" అని రాశారు. ఏ సిబ్బందో రాయలేదు. నాకు అదే నయం. ఖాళీ చేయించింది పదకొండున్నరకి, అంకె వచ్చింది పన్నెండున్నరకి అన్న సంగతి కూడా ఎవరూ అడగలేదు.

కానీ మీటింగుకి ముందే, ఆ మూడో రోజున, నేను మా వాళ్ళని చూడ్డానికి వెళ్ళాను. నీళ్ళు తీసేశాయి. కాలనీ అంతా బురద వాసన. ఇంటింటి ముందూ తాడు కట్టి తడిసిన పడుగులు ఆరేశారు. రంగు ఒకదానిలోంచి ఒకదానిలోకి కారి, ఆరినా పనికిరావు. మా వదిన గుంటలోంచి ఒండ్రు తట్టతో ఎత్తిపోస్తోంది. సగం నేసిన చీర మూలన ముద్దగా పడుంది. నేను మాట్లాడకుండా కొంగు దోపి తట్ట అందుకున్నాను. నాలుగు తట్టలు మోశాక ఆగలేక చెప్పేశాను. ఆర్డరు ఏమీ రాలేదని, నేనే అబద్ధం చెప్పానని, పొద్దున తొమ్మిదింటి నుంచీ తెర నిజం చెప్పి ఉంటే వీళ్ళు తీరిగ్గా పడుగులు కోసి చుట్టుకుని వచ్చేవాళ్ళని, అది చెప్పకపోవడానికి కారణం నా నోరేనని.

మా వదిన పార ఆపి నడుం నిలబెట్టుకుంది.

"ఆర్డరు లేదని నాకు తెలుసులే" అంది. "మీ ఆఫీసు మాట విని లేచామనుకున్నావా? ఇరవై ఏళ్ళుగా నీ నోట అంకెలు వింటున్నా. ఎంత వానైనా పప్పు ధర చెప్పినట్టు చెప్తావు. ఆ రోజు ఫోనులో నీ గొంతు వణికింది. అది విని మీ అన్నయ్యని ఎత్తి బండి మీద వేశా."

ఆవిడ పార నేలకి పొడిచి మళ్ళీ వంగింది.

"ఇంకోసారి అవసరమైతే అట్టాగే వణుకుతూ ఫోను చెయ్యి వదినా. ఆఫీసు గొంతుతో చేశావంటే మాత్రం కదలం. తట్ట పట్టు."